ఎయిజిరో తోనో: మత్తులోనూ మర్యాద తప్పని మాస్టారు

తోనోను నేను ఏళ్ల తరబడి చూస్తున్నాను. జపాన్ దర్శకులు కురొసావా, ఓజుల సినిమాలు తెలిసినవారికి ఈ క్యారెక్టర్ ఆర్టిస్టు ముఖం కొత్తేమీ కాదు. అందుకే ఆయన సినిమాల జాబితా జోలికి వెళ్లను. నన్ను కట్టిపడేసింది ఒక్కటే: ఆయన తాగిన మనిషిగా నటించే తీరు.

ఓజు తీసిన 1962 నాటి 'యాన్ ఆటమ్ ఆఫ్టర్‌నూన్'లో ఆయనది ముసలి మాస్టారి పాత్ర. బాగా స్థిరపడిన పాత విద్యార్థులు విందుకు పిలుస్తారు. వడ్డించిన చేప పేరేమిటని మాస్టారు అడిగి తెలుసుకుంటారు. ఆ ఒక్క ప్రశ్నతో ఆయన ఇంట్లో రోజూ ఏం తింటున్నారో మనకు అర్థమైపోతుంది. తూలడం, మాట తడబడటం తాగుడు పాత్ర వేసే ప్రతివారూ చేసేదే. తోనో కూడా తూలుతారు, కానీ మత్తు ఎక్కే కొద్దీ ఆయనలో వినయం పెరుగుతుంది. తన దగ్గర చదువుకున్నవాళ్ల ముందే తల వంచుతూ ఉంటే చూడలేక నాకు ప్రాణం ఉసూరుమంటుంది. ఆయన నడిపేది చిన్న నూడుల్స్ కొట్టు. పెళ్లి కాకుండానే వయసు మీరిన కూతురు తోడు. తన సౌకర్యం కోసం ఆమెను ఇంట్లోనే ఉంచేసుకున్నానని ఆయన వాపోయేదీ తాగినప్పుడే.

ఇంతకీ, ఆ విందులో శిష్యుడిగా కూర్చున్న నటుడు చిషు ర్యూ పుట్టింది 1904లో. తోనో 1907లో. గురువే మూడేళ్లు చిన్న! ఈ సంగతి తెలిశాక మళ్లీ చూశాను, ఎక్కడైనా పట్టుబడతారేమోనని. పట్టుబడలేదు. ముసలితనమంతా మెడలో, కుంగిన భుజాల్లో, ఎదుటివాళ్ల ముఖాల వంక చూసే ఆ చూపులో ఉంది. 1944లో హైయూజా నాటక సంస్థను స్థాపించినవారిలో ఆయన ఒకరు. రంగస్థలం నేర్పిన ఒడుపు అది. 1953 నాటి 'టోక్యో స్టోరీ'లో ఇదే ర్యూతో కలిసి తాగే పాత మిత్రుడిగా వేశారు. కొడుకు ఎదగలేదన్న అక్కసు వెళ్లగక్కే ఆ తాగుడు వేరు, ఈ తాగుడు వేరు.

ఆయన ఏ పాత్ర వేసినా అద్భుతమే అని ఒకప్పుడు అందరికీ చెప్పేవాణ్ణి. ఇప్పుడు కాస్త తగ్గించి చెబుతున్నాను. కురొసావా 'యోజింబో'లో సారాకొట్టు యజమాని చిరాకు రెండోసారి చూసేటప్పటికి కొంచెం అతిగా తోచింది. 1969 నుంచి 1983 దాకా టీవీలో 'మితో కోమోన్'గా ఆయన ఇంటింటి తాతగారయ్యారు. ఆ నవ్వు నాకూ ఇష్టమే. కానీ మారువేషంలో తిరిగే పెద్దమనిషి చివరికి రాజముద్ర చూపించగానే దుర్మార్గులు సాగిలపడటం ప్రతి కథలోనూ ఉన్నదే. వరసగా నాలుగు భాగాలు చూస్తే విసుగొస్తుంది. అక్కడ ఆ సన్నని పనితనానికి చోటు లేదు.

నేను సబ్‌టైటిల్స్‌తో చూసేవాణ్ణి, ఆయన గొంతులోని విరుపులు నాకు సగమే అందుతాయి. పైగా ఇంట్లో వయసు మళ్లిన నాన్నగారు ఉన్నారు. మాస్టారి పాత్ర నన్ను అంతగా పట్టుకోవడానికి అదీ ఒక కారణం కావచ్చు. అలాంటి బాధ్యతలు లేనివారికి, నెమ్మదిగా సాగే సినిమా నచ్చనివారికి 'యోజింబో'తో మొదలుపెట్టడమే మేలు. మిగతావారు మాత్రం ముందు ఆ విందు చూడండి.