క్లార్క్‌దా, ఫ్రియర్స్‌దా: ఏ దారి మేలు?

టీవీలో చెయ్యి తిరిగాక సినిమాకి వెళ్లాలి, వెళ్లనివాడు వెనకబడ్డట్టే అని చాలామంది లెక్క. బ్రిటన్‌లో బీబీసీ టీవీ నాటకాలతో ఎదిగిన ఇద్దరు దర్శకుల పని పక్కపక్కన పెడితే ఈ లెక్క నిలవదు. అలన్ క్లార్క్ దాదాపు జీవితమంతా టీవీలోనే ఉన్నాడు. స్టీఫెన్ ఫ్రియర్స్ హాలీవుడ్ దాకా వెళ్లాడు, కానీ టీవీని వదల్లేదు.

క్లార్క్ గొప్పతనం తెలియాలంటే 1989లో బీబీసీ టూలో వచ్చిన 'ఎలిఫెంట్' చూడాలి. ఉత్తర ఐర్లండ్‌లో రాజకీయ, మత ఘర్షణల్లో జరిగిన హత్యల మీద తీసిన 39 నిమిషాల చిత్రం. ఒక మనిషి నడుస్తుంటాడు, స్టెడీక్యామ్ (నడుస్తూ తీసినా కుదుపు రాని కెమెరా) అతని వెనకే పోతుంటుంది. అతను వెళ్లిన చోట ఇంకో మనిషి ఉంటాడు. తుపాకీ పేలుతుంది. చంపినవాడు వెళ్లిపోతాడు, కెమెరా మాత్రం శవం మీదే ఆగిపోతుంది, మనం ఇబ్బందిగా కదిలేదాకా. ఇలా 18 హత్యలు. ఎవరు ఎవర్ని ఎందుకు చంపారో ఒక్క ముక్క చెప్పడు. మ్యూజిక్ లేదు, మాటలు లేనట్టే. దీని నిర్మాత డానీ బాయిల్, తర్వాత 'స్లమ్‌డాగ్ మిలియనీర్' తీసినాయనే. టికెట్లు అమ్ముడుపోవాలన్న టెన్షన్ ఉన్న చోట ఇలాంటిది పుట్టడం చాలా కష్టం. టీవీ కాబట్టే సాధ్యమైందని నా నమ్మకం.

అదే టీవీ ఆయన్ని దెబ్బ కూడా కొట్టింది. కుర్ర నేరస్థులని ఉంచే బోర్‌స్టల్ జైలు మీద 1977లో 'స్కమ్' తీశాడు. తీయించింది బీబీసీయే, ప్రసారం కాకుండా ఆపేసిందీ బీబీసీయే. చేసేది లేక 1979లో అదే కథని, అదే నటుడు రే విన్‌స్టన్‌తో, సినిమాగా మళ్లీ తీశాడు. మొదటి రూపం టీవీలో వచ్చేసరికి 1991. క్లార్క్ అంతకుముందు ఏడాదే, 54 ఏళ్లకి, క్యాన్సర్‌తో పోయాడు.

ఫ్రియర్స్‌కి ఇలాంటి చిక్కు రాలేదని కాదు. 1971లో 'గమ్‌షూ' అనే సినిమా తీశాక మళ్లీ థియేటర్ సినిమా అంటే 1984లో 'ది హిట్'. మధ్యలో పదమూడేళ్లు టీవీ పనే ఆయన్ని నిలబెట్టింది. ఆ తర్వాత బ్రిటిష్ టీవీ ఛానల్ అయిన ఛానల్ 4 కోసం చవకైన 16 ఎంఎం ఫిల్మ్ మీద తీసిన 'మై బ్యూటిఫుల్ లాండ్రెట్' 1985లో థియేటర్లకి ఎక్కింది. లండన్‌లోని పాకిస్తానీ కుటుంబం, వాళ్ల లాండ్రీ షాపు, ఇద్దరు కుర్రాళ్ల ప్రేమ: టీవీకని మొదలుపెట్టిన ఈ చిన్న కథే ఆయన్ని ప్రపంచానికి చూపించింది. మూడేళ్లకే హాలీవుడ్ సినిమా 'డేంజరస్ లియజాన్స్' తీశాడు. ఇంట గెలిచి రచ్చ గెలవడం అంటే ఇదే.

నాకు ఇంకా నచ్చేది ఆ తర్వాత జరిగింది. 1992లో హాలీవుడ్‌లో తీసిన 'హీరో' ఆడలేదు. మరుసటేడే బీబీసీకి 'ది స్నాపర్' తీశాడు. డబ్లిన్‌లో పెళ్లికాని పెద్ద కూతురు కడుపుతో ఉందని తెలిసిన తండ్రి కథ. కోపం, సిగ్గు, ప్రేమ ఒకే ఇంట్లో తోసుకుంటుంటాయి. ఇంత జీవం ఉన్న పని 'హీరో'లో కనిపించదు. 2006లో 'ది క్వీన్'తో ఆస్కార్ నామినేషన్ దాకా వెళ్లినాయన, 2018లో మళ్లీ బీబీసీకి మూడు భాగాల సీరియల్ చేశాడు.

దర్శకుడిగా బతకాల్సిన కుర్రాడెవరైనా అడిగితే ఫ్రియర్స్ దారే మేలంటాను. ఒక తలుపు మూసుకుంటే ఇంకోటి తెరిచి ఉంటుంది. 'స్కమ్' ఆగిపోయినప్పుడు క్లార్క్‌కి ఆ వెసులుబాటు తేలిగ్గా దొరకలేదు. కానీ పని లోతు చూస్తే నా ఓటు క్లార్క్‌కే. ఫ్రియర్స్ ప్రతి కథనీ దానికి తగ్గట్టు చక్కగా చెబుతాడు. క్లార్క్ మాత్రం నడిచే మనిషి వెనక కెమెరాని నడిపించే పద్ధతినే తన భాషగా చేసుకున్నాడు.

ఇద్దరినీ కొత్తగా చూసేవాళ్లు 'లాండ్రెట్'తో మొదలుపెట్టండి. తర్వాత నటుడు టిమ్ రాత్ మొదటి పాత్ర ఉన్న క్లార్క్ 'మేడ్ ఇన్ బ్రిటన్' చూడండి. 'ఎలిఫెంట్' మాత్రం ఆఖరికి ఉంచుకోండి.