రంగుల పుస్తకమా, తెల్ల కాగితమా, మట్టిముద్దా: చిన్నపిల్లలకు ఏది మేలు?

పోయిన ఆదివారం మా అమ్మాయి నీలం క్రేయాన్ పట్టుకుని ఒక కాగితం మీద గీసింది, గీసింది, చిరిగేదాకా గీసింది. చూస్తే పిచ్చిగీతలే. కానీ గీస్తున్నంతసేపూ దాని నోరు ఊరుకోలేదు. "రైట్ రైట్... గుంత, గుంత, పట్టుకోండి... అమ్మమ్మ వాళ్ల ఊరొచ్చింది, దిగండమ్మా!" అంటే ఆ గీత బస్సు వెళ్లిన దారి. కాగితం చిరిగినచోటు గుంత.

సాయంత్రం వాళ్ల బాబాయి తెచ్చిన రంగుల పుస్తకం తీసింది. అందులోనూ ఒక బస్సు ఉంది. దానికి శుభ్రంగా ఎర్రరంగు వేసింది, ముప్పాతిక భాగం గీత లోపలే. వేస్తున్నంతసేపూ ఒక్క మాట లేదు. ఇంటికొచ్చినవాళ్లకు నేను చూపించి మురిసిపోయింది ఆ రెండో బస్సునే. మొదటిది వంటింటి గట్టు మీద ఉల్లిపాయ తొక్కల పక్కన పడుంది. రాత్రి గట్టు తుడుస్తుంటే కనబడి కాస్త సిగ్గేసింది.

మూడు నుంచి ఆరేళ్ల లోపు పిల్లలున్న ఇళ్లలో ఈ ప్రశ్న ఎప్పుడో ఒకసారి వస్తుంది. పుట్టినరోజుకు ఏం కొనాలి? సెలవుల్లో ఏం చేయించాలి? నేను ఒక్క కొలత పెట్టుకుని చూశాను: పిల్ల చెప్పాలనుకున్నది ఎందులో ఎంత పడుతుంది?

ముందు రంగుల పుస్తకం. దాన్ని పూర్తిగా తీసిపారేయను. రైల్లో, ఆస్పత్రిలో టోకెన్ కోసం కూర్చున్నప్పుడు అది నన్ను ఎన్నిసార్లు కాపాడిందో! పిల్ల కుదురుగా కూర్చుంటుంది, చేతికి పట్టు వస్తుంది, గీత దగ్గర చెయ్యి ఆపడం తెలుస్తుంది. ఇవి మంచివే. కానీ అందులో యాపిల్ ఎవరో గీసిన యాపిల్. ఎలా ఉండాలో ముందే తేలిపోయింది, మిగిలింది నింపడమే. మా అమ్మాయి బడిలో ఒకసారి యాపిల్ బొమ్మ ఇచ్చి రంగు వేయమన్నారు. ఇది నీలం వేసింది. దాని మీద ఇంటూ మార్కు పెట్టి పంపారు. ఎందుకు నీలం వేశావని అడిగితే, "ఫ్రిజ్‌లో ఉంది కదమ్మా, చలేస్తోంది దానికి" అంది. ఆ మాట ఆ పుస్తకంలో పట్టే చోటు లేదు, దిద్దినవాళ్లకు వినే తీరికా లేదు.

ఆస్ట్రియాలో పుట్టి అమెరికాలో చిత్రకళ బోధించిన విక్టర్ లోవెన్‌ఫెల్డ్ 1947లో వచ్చిన తన పుస్తకంలో ఈ రంగుల పుస్తకాలను గట్టిగానే తప్పుపట్టారు. అచ్చు బొమ్మలకు అలవాటుపడిన పిల్ల తన సొంత బొమ్మ మీద నమ్మకం పోగొట్టుకుంటుందన్నది ఆయన వాదన. ఇది నేను మా ఇంట్లోనే చూశాను. పది రోజులు వరసగా ఆ పుస్తకం ఇచ్చాక తెల్ల కాగితం పెడితే, "నాకు ఏనుగు రాదు, నువ్వే గీయి" అంది. అంతకు ముందు నెల దానికి ఏనుగు వచ్చు. తొండం, నాలుగు గీతలు, అంతే. కానీ వచ్చు.

ఇక తెల్ల కాగితం. చవకైనది ఇదే. జిరాక్స్ షాపులో ఒకవైపు అచ్చు పాడైన కాగితాలు అడిగితే ఊరికే ఇస్తారు. కష్టమల్లా మనకే, ఎందుకంటే అందులో పిల్ల ఏం చేస్తోందో చూడగానే అర్థం కాదు. శాన్‌ఫ్రాన్సిస్కోలో నర్సరీ పిల్లల మధ్య పనిచేసిన రోడా కెలాగ్ దాదాపు పది లక్షల బొమ్మలు పోగుచేసి, పిచ్చిగీతల్లోనే 20 మూలరూపాలు ఉన్నాయని తేల్చారు. చుక్క, నిలువుగీత, అడ్డగీత, చుట్టలు, ఇలా. మన కంటికి గజిబిజిగా కనిపించేదానికీ ఒక వరస ఉందన్నమాట. ఆ తర్వాత ఒకరోజు సున్నా మూతపడుతుంది. మూతపడ్డ సున్నాలో రెండు చుక్కలు పెడితే మొహం. ఆ మొహంలోంచే నేరుగా కాళ్లు దిగుతాయి, చేతులు పొడుచుకొస్తాయి. కోడిగుడ్డుకు కాళ్లొచ్చినట్టు ఉంటుంది. ఏ దేశం పిల్లలైనా చాలామంది మొదటి మనిషిని ఇలాగే గీస్తారు. "పొట్ట ఏదీ?" అని దిద్దడం మొదలుపెట్టామా, బొమ్మ చెడిపోతుంది. పొట్ట దానంతట అదే వస్తుంది, కొన్ని నెలలు ఆగాలంతే.

ఇంకో సంగతి. ఈ వయసులో పిల్లలు కంటికి కనబడింది గీయరు, మనసుకు తెలిసింది గీస్తారు. గోడ గీసినా లోపలి మంచం కనబడుతుంది. మా అమ్మాయి గీసిన తాతయ్యకు ఒక చెయ్యి మామూలుగా ఉంది, రెండోది ఆయనంత ఉంది. అది చొక్కా జేబులోంచి జీడిపప్పు తీసి ఇచ్చే చెయ్యి. కొలత తప్పలేదు. అది వేసిన కొలతే వేరు.

తెల్ల కాగితంతో చిక్కు లేకపోలేదు. "ఏం గీయను?" అని బిక్కమొహం వేసే పిల్లలు ఉంటారు. అప్పుడు మనం ఏనుగు గీసి చూపిస్తే, ఇక అది గీసే ఏనుగులన్నీ మన ఏనుగులే. దానికి బదులు "పొద్దున పాలవాడి బండి మీద కుక్క ఎగబడింది కదా, అప్పుడు ఏమైంది?" అని అడిగి చూడండి. చెయ్యి దానంతట అదే కదులుతుంది. "ఇదేంటి?" అని మాత్రం అడగొద్దు, పరీక్షలా ఉంటుంది. పక్కన కూర్చుని "దీని గురించి చెప్పవా?" అంటే చాలు. చెప్పిన మాటను కాగితం వెనక రాసి తారీకు వేస్తున్నాను నేను. ఈ ఒక్క పని వల్ల ఎన్ని "పిచ్చిగీతలు" చెత్తబుట్టలోంచి బయటపడ్డాయో!

పలక ఉంది కదా అంటారు మా అత్తయ్య. ఉంది, మంచిదే. చెరిపేయొచ్చు కాబట్టి పిల్లకు తప్పు చేస్తానన్న భయం ఉండదు. కాకపోతే నిన్నటి తాతయ్య ఈరోజుకు మిగలడు. పైగా పలక చేతికిస్తే మన నోరు ఊరుకోదు, వెంటనే "అ రాయి, ఆ రాయి" అనేస్తాం.

నన్ను బాగా ఆశ్చర్యపరిచింది మట్టి. వినాయక చవితికి విగ్రహం చేయగా మిగిలిన బంకమట్టిని గిన్నెలో పెట్టి తడిగుడ్డ కప్పాను, పారేయబుద్ధి కాక. మర్నాడు మా అమ్మాయి దాన్ని తీసుకుని గంటన్నరసేపు కూర్చుంది. కాగితం ముందు దానికి పదిహేను నిమిషాలు ఎక్కువ. ముందు ఉండ చేసింది, ఉండను పాముగా సాగదీసింది, పామును చుట్టి గిన్నె అంది, గిన్నెను గుద్ది దోసె అంది. ఆఖరికి ఒక పెద్ద ముద్ద, దాని మీద చదునుగా ఇంకో ముక్క. "వినాయకుడు దుప్పటి కప్పుకుని పడుకున్నాడు. కుడుములు ఎక్కువ తిన్నాడు, లేపొద్దు" అంది. కాగితం మీద గీత పడితే పడినట్టే. మట్టి మాత్రం పిల్ల మనసు మారినప్పుడల్లా మారుతుంది. అందుకేనేమో, మూడు నాలుగేళ్ల వయసులో క్రేయాన్ కంటే అందులోనే కథ ఎక్కువసేపు నడుస్తుంది. చేతికి కావలసిన బలమూ అందులోనే వస్తుంది. పిసకడం, నొక్కడం, రెండు వేళ్లతో గిల్లడం కంటే పెన్సిల్ పట్టుకు మంచి కసరత్తు ఏముంది?

ఏరువాక పున్నమికి మట్టి ఎద్దులు చేసే ఊళ్లలో పిల్లలకు ఇదంతా ఎవరూ నేర్పలేదు. పెద్దవాళ్ల పక్కన కూర్చుని చేశారు. ఇటలీలోని రెజ్జో ఎమీలియా పట్టణం 1963లో మొదలుపెట్టిన పసిపిల్లల బడుల్లో మట్టి, తీగ, కాగితం, నీడ అన్నిటినీ పిల్లల భాషలుగానే లెక్కవేశారు. ఆ బడులకు రూపమిచ్చిన లోరిస్ మాలగుజ్జి ప్రతి బడిలో ఒక పనిగది, దాన్ని చూసుకునే కళ తెలిసిన మనిషి ఉండాలన్నారు. మన దేశంలోనూ 2022లో వచ్చిన జాతీయ పాఠ్యప్రణాళిక చట్రం 3 నుంచి 8 ఏళ్ల పిల్లలకు బొమ్మలు గీయడం, మట్టిపని, పాట, ఆట అన్నీ చదువులో భాగమేనంటోంది. కాగితం మీద.

మట్టి వల్ల ఇల్లు పాడవుతుందన్నది నిజం. పాత చాప పరిచి, పాత చొక్కా తొడిగితే కొంత మేలు. మట్టి దొరక్కపోతే గోధుమపిండిలో ఉప్పు, రెండు చుక్కల నూనె వేసి కలిపి ఇవ్వండి. షాపులో దొరికే రంగుల పిండి కూడా ఫర్వాలేదు గానీ, దాంతోపాటు వచ్చే అచ్చులు తీసి దాచేయండి. అచ్చు ఉంటే అది మళ్లీ రంగుల పుస్తకమే.

ట్యాబ్‌లో బొమ్మల యాప్ గురించి ఎక్కువ చెప్పేదేం లేదు. వేలు పెడితే రంగు నిండిపోతుంది. మైనం వాసన లేదు, చిరగదు, చేతికి అంటదు. మా ఇంట్లో అది ఆఖరి వరసలో ఉంది.

డ్రాయింగ్ క్లాసు? ఆరేళ్లలోపు వద్దనే అంటాను. మా అపార్ట్‌మెంట్‌లో ముగ్గురు పిల్లలు వెళ్తున్నారు. ముగ్గురి పుస్తకాల్లోనూ రెండు కొండలు, మధ్యలో సగం సూర్యుడు, కింద ఏరు, పక్కన గుడిసె, కొబ్బరిచెట్టు, ఇంగ్లీషు అక్షరం వీ లాంటి పక్షులు. నేను చిన్నప్పుడు గీసిందీ అదే. వాళ్లు ఉండేది విజయవాడలో నాలుగో అంతస్తులో. లిఫ్ట్ గీసిన పిల్ల ఒక్కరూ లేరు! ఏడెనిమిదేళ్లు వచ్చాక "నిజంగా ఉన్నట్టు రావాలి" అన్న పట్టుదల పిల్లకే మొదలైతే, అప్పుడు నేర్పించేవాళ్లు కావాలి. అప్పుడు పంపిస్తాను.

కాబట్టి కొనేముందు నన్నడిగితే, మూడు నాలుగేళ్ల వాళ్లకు మట్టి, లావు క్రేయాన్లు, నేల మీద పరిచేంత పెద్ద కాగితం. నాలుగు దాటాక కాగితానిదే మొదటి చోటు, మట్టి వారానికి రెండుసార్లు. రంగుల పుస్తకం ప్రయాణం సంచిలో ఒకటి ఉండనివ్వండి. బాబాయిలు తెస్తూనే ఉంటారు, వద్దనలేం.

ఆ బస్సు కాగితాన్ని తుడిచి ఫ్రిజ్‌కు అంటించాను. చిరిగినచోట వెనకనుంచి టేపు వేయబోతే మా అమ్మాయి ఒప్పుకోలేదు. గుంత పూడ్చేస్తే బస్సు ఎగరదట.