డెన్మార్క్ మూకీ సినిమాల నటి ఆస్టా నీల్సన్: ముందు 'అఫ్‌గ్రుండెన్' చూడాలా, 'హామ్లెట్' చూడాలా?

సమయం: 1910 నాటి 'అఫ్‌గ్రుండెన్' ముప్పావుగంటలోపే అయిపోతుంది. 1921 నాటి జర్మన్ 'హామ్లెట్'కి ఒక సాయంత్రం కేటాయించాలి.

కథ: మొదటిదాంట్లో పియానో టీచరు సర్కస్‌వాడి వెంట వెళ్ళిపోతుంది. పాత కథే. కానీ అతణ్ణి తాడుతో కట్టి, ఒంటిని రాసుకుంటూ ఆడే నాట్యం ఉంది చూడండి, నూరేళ్ళు దాటినా వేడి తగ్గలేదు! కోపెన్‌హాగెన్ రంగస్థల నటి నీల్సన్‌ని బెర్లిన్ తారను చేసింది ఈ సినిమానే. రెండోదాంట్లో హామ్లెట్ అసలు ఆడపిల్ల. సింహాసనం కోసం మగపిల్లాడిగా పెంచుతారు. ఈ సినిమాని నీల్సన్ తన సొంత సంస్థలోనే తీసింది.

ఓపిక: 'అఫ్‌గ్రుండెన్'లో కెమెరా దాదాపు కదలదు. 'హామ్లెట్'లో నిడివే పరీక్ష.

రిస్కు: షేక్‌స్పియర్ కథ తెలియకపోతే ఆ మలుపు సగం వృథా.

మూకీలు కొత్తయితే 'అఫ్‌గ్రుండెన్'. నాటకం చదివినవాళ్ళు నేరుగా 'హామ్లెట్' పెట్టేసుకోవచ్చు.