ఇరవై ఒక్క అడుగుల కొండలు: చెన్నైలో యువాన్ చుట్టచిత్రాల ప్రింట్లు

టి.నగర్‌లో పటాలు కట్టే ఒక ప్రింట్ స్టూడియో చైనా చుట్టచిత్రాలను అసలు కొలతలో అచ్చు వేసి, చుట్ట కట్టి ఇస్తోంది. వాళ్ల దగ్గరున్న చిత్రాలన్నీ మంగోలుల ఏలుబడిలో, అంటే 1271 నుంచి 1368 దాకా సాగిన యువాన్ కాలంలో గీసినవే. మూడింటిని పరీక్షగా చూశాం. ఒకటి చిన్న చిన్న సవరణలు చెప్పి ధైర్యంగా కొనవచ్చు, ఒకటి అడిగి మార్పించుకుంటే బాగుంటుంది, మూడోది ఇప్పుడున్న తీరులో కొనొద్దు. స్టూడియో పేరు ఇక్కడ రాయడం లేదు. ఈ పని ఎక్కడ చేయించుకున్నా చూసుకోవాల్సినవి ఇవే.

ముందు అడగాల్సింది ఒకటే ప్రశ్న: అసలు చిత్రం కాగితం మీద ఉందా, పట్టు మీద ఉందా? 1279లో చైనా దక్షిణాదిని ఏలిన సోంగ్ రాజ్యం మంగోలుల చేతిలో పూర్తిగా కూలిపోయింది. కొలువులకు దారిగా ఉండే పరీక్షలు ఆగిపోయి, మళ్లీ 1315లో గానీ జరగలేదు. దక్షిణాది చదువరుల్లో చాలామందికి కొలువు దొరకలేదు, కొందరు దొరికినా వద్దన్నారు. వాళ్లు గీసింది స్నేహితుల కోసం, ఎక్కువగా కాగితం మీద, అక్షరాలు రాసే కుంచెతో, సిరాతో. దర్బారు చిత్రకారులేమో పట్టు మీద రంగులతో గీశారు. ఈ రెంటికీ ఒకే ప్రింటు పద్ధతి కుదరదు. స్టూడియో బలం, బలహీనత రెండూ ఇక్కడే బయటపడ్డాయి.

బాగా వచ్చింది హువాంగ్ గోంగ్‌వాంగ్ గీసిన ‘ఫూచున్ కొండల్లో నివాసం’. 1347లో మొదలుపెట్టి, తీరిక దొరికినప్పుడల్లా కొంచెం కొంచెం గీస్తూ, 1350లో వూయోంగ్ అనే తావో మతపు సన్యాసి కోసం దాని మీద నాలుగు మాటలు రాసిపెట్టాడు. అప్పటికి హువాంగ్ వయసు ఎనభై దాటింది. ఈ చిత్రం తర్వాత రెండు ముక్కలైంది. తైవాన్ రాజధాని తైపేలో ఉన్న పెద్ద ముక్క ఎత్తు 33 సెంటీమీటర్లు, పొడవు 636.9, అంటే దాదాపు 21 అడుగులు. అంగుళానికి 300 చుక్కల లెక్కన ఫైలు పొడవు 75 వేల పిక్సెళ్లు దాటుతుంది. ఫొటోలకు మామూలుగా వాడే జేపెగ్ ఫైలులో ఒక వైపు 65,535 పిక్సెళ్లకు మించి పట్టవు. చాలా షాపులు ఇక్కడే చిత్రాన్ని కుదించేస్తాయి. వీళ్లు కుదించకుండా టిఫ్ అనే మరో రకం ఫైళ్లుగా రెండు భాగాలు చేసి, అతుకును కొండలు తగ్గి నీళ్లు పరుచుకున్న చోట వేశారు. వేలితో తడిమితే తప్ప అతుకు తెలియదు. మూలం కూడా కాగితాలు అతికించి చేసిందే కాబట్టి ఇది లోపమూ కాదు.

ప్రింటు మంచిదో కాదో తేల్చేది పలచని సిరా. కొండల వాలు మీద హువాంగ్ జనుము నారలాంటి పొడవాటి గీతలు వేశాడు. కుంచెలో తడి తగ్గేకొద్దీ గీత నడుమ కాగితం తెల్లగా కనిపిస్తుంది. మామూలుగా షాపులో కుర్రాడు బొమ్మ ‘డల్‌గా ఉంది’ అని కాంట్రాస్ట్ పెంచుతాడు. దాంతో ఆ పొడిగీత నిండిపోయి నల్లటి తీగలా మారుతుంది, దూరపు కొండలు మాయమవుతాయి. ఇక్కడ రెండు మూడు బూడిద ఇంకులున్న పిగ్మెంట్ (రంగుపొడి ఇంకు) ప్రింటర్ వాడారు, కాంట్రాస్ట్ ముట్టుకోలేదు. భూతద్దం పెట్టి చూస్తే ఒక్కో గీత చివర కుంచె వెంట్రుకలు విడిపోయిన చోటు కూడా కనిపిస్తోంది. ఆర్డరిచ్చే ముందు చిత్రంలో అన్నిటికంటే పలచగా ఉన్న చోటునుంచి ఒక అడుగు నమూనా అడగండి. ట్యూబ్‌లైటు కింద ఒకసారి, పగటి వెలుగులో ఒకసారి చూడండి. బూడిద రంగు ఆకుపచ్చగానో గులాబీగానో మారితే ప్రింటర్ ప్రొఫైల్, అంటే రంగుల అమరిక తప్పు.

ఇంకో పరీక్ష ఉంది. ఖాళీ ఆకాశమంతా రాతలతో, ముద్రలతో కిక్కిరిసి ఉంటే మీకిచ్చింది అసలు చిత్రం కాదు. చియెన్‌లాంగ్ అనే పద్దెనిమిదో శతాబ్దపు చైనా చక్రవర్తి ఒక నకలును అసలని నమ్మి, దాని మీదే పదేపదే రాసుకున్నాడు. ఆ పొరపాటు వల్ల అసలుది శుభ్రంగా మిగిలింది, అదృష్టం!

స్టూడియో తప్పు చుట్ట మొదట్లో ఉండే చిన్న ముక్క దగ్గర జరిగింది. 1650లో అప్పటి యజమాని వూ హోంగ్‌యూ చనిపోయే ముందు ఈ చుట్టను నిప్పుల్లో వేయించాడు. సోదరుడి కొడుకు బయటికి లాగేసరికి అది రెండయింది. చిన్న ముక్క చైనాలో, హాంగ్‌జౌలోని జెజియాంగ్ మ్యూజియంలో ఉంది: 31.8 సెంటీమీటర్ల ఎత్తు, 51.4 పొడవు. స్టూడియో వాళ్లు దాన్ని సాగదీసి 33కు తెచ్చి పెద్దదానికి అంటించారు. రెండు కాగితాల రంగు కలవలేదు, కొండ కాస్త ఉబ్బినట్టుంది. విడిగా, ఉన్న కొలతలోనే ఇమ్మంటే ఇచ్చారు. అలాగే తీసుకోండి.

చుట్టడం కూడా మొదట తిరగేశారు. మన చేర్యాల నకాషీ పటం పైనుంచి కిందికి, జనం ముందు విప్పేది. ఇది బల్ల మీద పెట్టుకుని కుడినుంచి ఎడమకు, ఒక మూర చొప్పున విప్పుతూ, చూసిన భాగాన్ని చుట్టేస్తూ ఒక్కరు చూసేది. కర్ర ఎడమ చివర ఉండాలి, కుడి చివర పైకి రావాలి. వీళ్లు కర్ర కుడివైపు పెట్టడంతో విప్పగానే చిత్రం ముగింపు ఎదురైంది.

వాళ్లు మామూలుగా వాడే 310 జీఎస్ఎం (చదరపు మీటరుకు 310 గ్రాముల బరువు) కాటన్ కాగితం గోడకు బాగుంటుందిగానీ చుట్టకు పనికిరాదు, పది పదిహేనుసార్లు విప్పితే అడ్డంగా మడత గీతలు పడతాయి. 110 జీఎస్ఎం మల్బరీ నార కాగితం అడగండి. కర్ర సన్నగా ఉన్నా ఇదే గతి, కనీసం ఒక అంగుళం లావుండాలి.

జిగురు సంగతి చూసేది మేస్త్రి, తెలుగాయనే. ‘మైలుతుత్తం వేస్తే పురుగు పట్టదు సార్’ అంటాడు. జిగురులో ఈ మైలుతుత్తం (కాపర్ సల్ఫేట్) కలపడం లెడ్జర్లు బైండు చేసేవాళ్ల అలవాటు. లావు అట్టకు పర్వాలేదు, పలచని కాగితం మీద మాత్రం నీలిపచ్చ ఛాయ తేలుతుంది. ‘అన్నా, తుత్తం వద్దు, పిండి కడిగి చెయ్యి’ అని చెప్పండి. మైదా ముద్దను నీళ్లలో పిసికి, సాగే బంకను (గ్లూటెన్) తీసేసి, అడుగున పేరుకున్న గంజిపిండిని మాత్రమే ఉడికించాలి. బంక ఉంటే ఆరాక బిరుసెక్కుతుంది. చెప్పాక ఆయన చేసిన జిగురు మెత్తగా, చుట్ట తిరిగేలా వచ్చింది.

రెండోది జావో మెంగ్‌ఫూ 1296లో గీసిన ‘చ్యువే, హువా కొండల శరదృతువు’. జావో సోంగ్ రాజవంశీకుడై ఉండి మంగోల్ చక్రవర్తి ఖుబ్లాయ్ కొలువులో చేరినవాడు. షాన్‌డోంగ్ ప్రాంతంలోని తాత ముత్తాతల ఊరిని ఎన్నడూ చూడని స్నేహితుడు జౌ మీ కోసం అక్కడి కొండలు రెండు గీసిచ్చాడు: ఒకటి మొనదేలి, ఒకటి రొట్టెలా గుండ్రంగా. నీలి ఆకుపచ్చలు చక్కగా వచ్చాయి. కానీ స్టూడియో ‘క్లీనింగ్’ పేరుతో ఎర్ర ముద్రల్ని చాలావరకు చెరిపేసింది. అవి మరకలు కావు, చిత్రం ఎవరెవరి చేతులు మారిందో చెప్పే సంతకాలు. క్లీనింగ్ వద్దని ఆర్డరులోనే రాయించండి.

మూడోది లియూ గువాన్‌దావో 1280లో పట్టు మీద గీసిన ‘ఖుబ్లాయ్ వేట’, 182.9 × 104.1 సెంటీమీటర్లు. ఖుబ్లాయ్ తెల్ల బొచ్చుకోటు అందమంతా సన్నని గీతల్లో ఉంది. ముతక కాన్వాస్ మీద వేసి మెరిసే వార్నిష్ పూయడంతో అదంతా పోయింది. పైగా 24 × 36 అంగుళాల ఫ్రేములో ఇరికించడానికి పైభాగం కోశారు. అసలు కొలతలో లెక్కిస్తే అది దాదాపు 27 సెంటీమీటర్లు. మనుషుల తలలకు పైన పరుచుకున్న ఆ ఖాళీయే ఎడారి. అది పోతే మిగిలేది గుర్రాల గుంపు. పట్టు ప్రింటు మొదలుపెట్టేదాకా దీని జోలికి వెళ్లొద్దు.

ప్రింట్లతో పాటు ఇచ్చే చీటీలో హువాంగ్‌ను ‘మంగోల్ ఆస్థాన చిత్రకారుడు’ అన్నారు. ఆయన చిన్న గుమాస్తా, పన్నుల కేసులో జైలుకెళ్లి, తర్వాత తావో మతంలో చేరినవాడు. చీటీ మార్చాలి.

ధర చదరపు అడుగుకు 450 రూపాయలు. పెద్ద చుట్ట 22.6 చదరపు అడుగులు కాబట్టి 10,170, కట్టుబడికి మరో 3,500. మూడు వారాలు పడుతుంది. అక్టోబరు నుంచి డిసెంబరు దాకా వానల్లో జిగురు సరిగా ఆరక వెనక బూజు చుక్కలు వస్తాయి, ఫిబ్రవరిలో ఇవ్వండి. ఇంట్లో చెక్కపెట్టెలో సిలికా జెల్ పొట్లాలతో పెట్టి, నెలకోసారి ఫ్యాను గాలికి కాసేపు విప్పండి.