సంపెంగ అంటు మొక్కలు కొనేవారు జాగ్రత్త: టేపు కింద ఏముందో చూడకుండా డబ్బు పంపకండి

ఇంటి తోటకు పూల మొక్కలు తెప్పించుకునే వారందరికీ ఈ విషయం ఇవాళే తెలియాలని రాస్తున్నాను. వేసవి రాగానే "కడియం నుంచి నేరుగా మీ ఇంటికి" అంటూ ఫేస్‌బుక్‌లోనూ వాట్సాప్‌లోనూ సంపెంగ, బొండుమల్లె, రేరాణి ఫొటోలు పెట్టే ఆ అమ్మకందారు ఎవరో మీలో చాలామందికి తెలిసే ఉంటుంది. నేను నాలుగు బొండుమల్లె మొక్కలు, రెండు సంపెంగ అంట్లు అడిగి, పార్సిలు ఖర్చుతో కలిపి 1,460 రూపాయలు ముందే చెల్లించాను. అందులో సంపెంగలవే 900.

మాది విజయవాడ. "ఈ ఎండల్లో నాటవచ్చా, మృగశిర దాకా ఆగమంటారా?" అని నేను స్పష్టంగానే అడిగాను. "మా మొక్కలకు కాలంతో పని లేదండీ, ఎప్పుడు నాటినా పట్టుకుంటాయి" అన్నారు. తొలకరి పడి నేల చల్లబడ్డాకే మల్లె నాటాలని మా అమ్మ చెబుతూనే ఉన్నా, ఆ మాట పక్కన పెట్టి రోహిణి కార్తెలో గోతులు తవ్వించాను. ఆ తప్పు పూర్తిగా నాదే.

మల్లె సంచులు కోయగానే మట్టి ఇసుకలా జారిపోయి, పుల్ల చేతిలోకి వచ్చింది. నాలుగింటిలో మూడింటికి ఒక్క వేరు కూడా లేదు. అడుగున కత్తితో ఏటవాలుగా కోసిన గాటు ఇంకా పచ్చిగానే కనిపించింది. కొమ్మలో మిగిలిన బలంతో నాలుగు ఆకులు తొడిగినంత మాత్రాన వేరు పట్టినట్లు కాదని తెలిసి కూడా, ఎండ తగ్గితే కోలుకుంటాయేమోనన్న ఆశతో వాటిని నాటాను. వారం తిరగకుండా మూడూ ఎండిపోయాయి.

నాకు అంతకన్నా బాధ కలిగించింది సంపెంగల సంగతి. సింహాచలం వెళ్లినప్పుడల్లా సంపెంగలు కొనుక్కుని, ఇంటికి వచ్చేదాకా చీర కొంగులో దాచుకునే మా అమ్మకు, ఇంటి పెరట్లోనే ఆ పువ్వు పూయించి చూపాలని అంటు మొక్కలే కావాలన్నాను. విత్తనం నుంచి పెరిగిన సంపెంగ పూతకు రావడానికి ఏడెనిమిదేళ్లు, ఒక్కోసారి అంతకన్నా ఎక్కువ కాలం పడుతుంది. పూస్తున్న చెట్టు కొమ్మను విత్తనపు మొక్క కాండానికి అతికించి కట్టిన అంటు రెండు మూడేళ్లలోనే పూస్తుంది. ఆకులు చూసి ఈ రెండింటికీ తేడా చెప్పలేము కనుక, కొనేవారికి కంటి ముందున్న ఆధారం ఆ అతుకు ఒక్కటే.

రెండు మొక్కలకూ మట్టికి జానెడు ఎత్తున తెల్లటి ప్లాస్టిక్ టేపు నీటుగా చుట్టి ఉంది. ఆకులు వాలిపోతున్నాయని, అతుకు ఊడిందేమో చూద్దామని నిన్న సాయంత్రం గోటితో టేపు అంచు లేపి, ఒక్కో చుట్టూ విప్పాను. లోపల ఏ అతుకూ లేదు. కత్తి గాటు లేదు, ఏటవాలు మచ్చ లేదు, ఉబ్బు లేదు. పైనా కిందా ఒకే రంగు బెరడుతో కాండం నున్నగా, ఏకంగా ఉంది. రెండో మొక్కకూ అంతే. మామూలు విత్తనపు మొక్కలకు ఉత్తి టేపు చుట్టి, అంటు ధరకు అమ్మారు. ఆ టేపు ముక్క చేతిలో పట్టుకుని చాలాసేపు అక్కడే కూర్చుండిపోయాను.

ఫోన్ చేస్తే మొదట "మీరు నీళ్లు సరిగా పోయలేదు" అన్నారు. టేపు సంగతి ఎత్తగానే గొంతు మారింది. "టేపు విప్పమని మీకెవరు చెప్పారు? మొక్క ఇంటికి చేర్చేవరకే మా బాధ్యత, పూయించుకోవడం మీ పని" అని పెట్టేశారు. ఆ తర్వాత నా నంబరు బ్లాక్ చేశారు. ఎండకు మొక్క చచ్చిపోతే నేను సర్దుకునేదాన్ని. తెలిసి చేసిన ఈ మోసాన్ని మాత్రం క్షమించలేను. కడియంలో తరతరాలుగా చేతులారా అంట్లు కడుతున్న రైతుల పేరు కూడా దీనివల్ల చెడుతుంది.

కొనదలచినవారు వీలైతే నర్సరీకి స్వయంగా వెళ్లి, అతుకు కళ్లారా చూసి, సంచి అడుగున తెల్లటి వేళ్లు కనిపిస్తేనే తీసుకోండి. మల్లెకు అడుగున్నర లోతు, అంతే వెడల్పు గొయ్యి తవ్వి, పదిహేను రోజులు ఎండనిచ్చి, మాగిన పశువుల ఎరువు కలిపి, వానలు నిలకడగా పడ్డాక, రోజంతా ఎండ తగిలే చోట, మొక్కకూ మొక్కకూ నాలుగడుగుల ఎడంతో నాటాలి. సంపెంగ అంటును అతుకు మట్టిలో పూడిపోకుండా నాటి, అతుకు కింద వచ్చే చిగుళ్లను ఎప్పటికప్పుడు గిల్లివేయాలి.

ఈ వారం అక్కడ ఆర్డరు పెట్టినవారెవరైనా ఉంటే, పార్సిలు బయలుదేరకముందే ఫోన్ చేసి, టేపు విప్పిన అతుకు ఫొటో అడగండి. పంపకపోతే డబ్బు వెనక్కి ఇమ్మనండి.