స్లీపింగ్ బ్యాగ్: డౌనా, సింథటికా?

మొదటిసారి ట్రెక్‌కి సామాను కొనేవాళ్లు ఎక్కువగా తికమకపడేది స్లీపింగ్ బ్యాగ్ లోపల ఏం నింపినది కొనాలన్న దగ్గరే. డౌన్ అంటే బాతుల మెత్తటి నూగు, సింథటిక్ అంటే పాలియెస్టర్ లాంటి కృత్రిమ నార.

ధర: సింథటిక్ చవక. డౌన్ ఖరీదెక్కువ, కానీ జాగ్రత్తగా వాడితే ఏళ్ల తరబడి వస్తుంది.

బరువు: డౌన్ తేలిక, చిన్నగా ముడుచుకుంటుంది.

తడి: అసలు తేడా ఇక్కడే. డౌన్ తడిస్తే ఉండలు కట్టి చల్లబడుతుంది, ఓ పట్టాన ఆరదు. సింథటిక్ తడిసినా కొంత వెచ్చదనం నిలుపుతుంది.

సంరక్షణ: డౌన్‌కి ప్రత్యేకమైన సబ్బు కావాలి. ఏదైనా సరే, ఇంటికొచ్చాక చిన్న సంచిలో కుక్కి ఉంచకండి, నింపిన సరుకు అణిగిపోతుంది. పెద్ద గుడ్డసంచిలో వదులుగా పెట్టండి.

లేబుల్ మీద ‘కంఫర్ట్’ ఉష్ణోగ్రత (హాయిగా నిద్రపట్టేది) చూసి కొనండి, ‘లిమిట్’ (ముడుచుకుని ఎలాగో నెట్టుకొచ్చేది) చూసి కాదు.

వానాకాలం అరకు క్యాంపులకు సింథటిక్. ఏటా చలికాలంలో కేదార్‌కంఠ లాంటి మంచు ట్రెక్‌లకు వెళ్తుంటే డౌన్. ఒక్కసారికే అయితే అద్దెకు తీసుకోండి.