ఇనోవే, డొనైర్: మొదటి పోరా, రెండోదా? ఏది చూడడం మేలు?

జపాన్ బాక్సర్ నవోయా ఇనోవే, ఫిలిప్పీన్స్ బాక్సర్ నొనిటో డొనైర్ రెండుసార్లు తలపడ్డారు, రెండుసార్లూ ఇనోవేనే గెలిచాడు. ఈ మధ్య మా కుర్రాళ్లలో ఈ ప్రశ్న అడగనివాడు లేడు. పాలకొల్లు దగ్గర ఒక రైసు మిల్లు ఉంది. సాయంత్రం ధాన్యం ఎత్తేసి కళ్లం ఊడ్చాక అక్కడే నేను బాక్సింగ్ నేర్పుతుంటాను. గోతం సంచిలో పాత బట్టలు, ఊక కూరి రేకుల షెడ్డు దూలానికి వేలాడదీశాం. అదే మా పంచింగ్ బ్యాగు. చేతులకి గుడ్డలు చుట్టుకుంటూ అడుగుతారు: "మాస్టారండీ, ఇనోవేదీ డొనైర్‌దీ ఏది చూడమంటారు? మొదటిదా, రెండోదా?"

వాళ్లలో ఒకడికి ఈ ప్రశ్న మరీ ముఖ్యం. జిల్లా పోటీల్లో ఐదుగురు జడ్జీల్లో ముగ్గురు అవతలి కుర్రాడి వైపు మొగ్గడంతో ఓడిపోయాడు. ఇద్దరిదీ ఒకటే బరువు, ఒకటే వయసు. మళ్లీ ఎదురుపడక తప్పదు. అందుకని ఇనోవే రెండోసారి ఎలా గెలిచాడో ఫోన్‌లో అదే పనిగా చూస్తున్నాడు. చూడడానికి పెద్ద టైమ్ కూడా పట్టదు. 2022 జూన్ 7న జరిగిన ఆ పోరు రెండో రౌండ్‌లో 1 నిమిషం 24 సెకన్లకే అయిపోయింది. రౌండుకి మూడు నిమిషాలు కాబట్టి మొత్తం కలిపితే 264 సెకన్లు.

రెండోదాన్ని నేను తక్కువ చేయను. వాళ్లు తలపడింది బాంటమ్ వెయిట్‌లో, అంటే 53.5 కిలోలు దాటకూడదు. మన ధాన్యం బస్తా 75 కిలోలు, దానికన్నా తేలికైన మనుషులు. అలాంటి మనిషి గుద్దులో అంత బలం ఎక్కడినుంచి వస్తుందో చూడాలంటే ఆ 264 సెకన్లు చాలు. మొదటి రౌండ్ చివరి సెకన్లలో కుడిచేత్తో ఒక్కటి తగిలింది, డొనైర్ కింద పడ్డాడు. లేచాడు, గంట కొట్టారు కాబట్టి బయటపడ్డాడు. రెండో రౌండ్‌లో ఎడమచేతి హుక్‌లు, అంటే మోచెయ్యి వంచి పక్కనుంచి విసిరే గుద్దులు, మొదలయ్యాక ఇక నిలబడలేకపోయాడు. రిఫరీ ఆపేశాడు. ఆ బరువులో ఉండే నాలుగు ప్రపంచ టైటిల్ బెల్టుల్లో మూడు ఇనోవేవే అయ్యాయి. అదే ఏడాది డిసెంబర్‌లో పాల్ బట్లర్‌ని 11వ రౌండ్‌లో పడగొట్టి నాలుగోదీ తెచ్చుకున్నాడు.

డొనైర్ ముసలివాడైపోయాడు, అందుకే అంత తేలిగ్గా పోయింది అనేవాళ్లున్నారు. అప్పటికి అతనికి 39 ఏళ్లు, నిజమే. కానీ అంతకుముందు ఏడాదే, 38 ఏళ్ల వయసులో, నార్దిన్ ఊబాలిని 4వ రౌండ్‌లో పడగొట్టి ప్రపంచ టైటిల్ గెలుచుకున్నాడు. ఆరున్నర నెలల తర్వాత దాన్ని నిలబెట్టుకున్నాడు కూడా, అదీ నాకౌట్‌తోనే. అలాంటివాణ్ణి వయసు పేరు చెప్పి తీసిపారేస్తే నేను ఒప్పుకోను.

అయినా మా వాడికి నేను చెప్పేది మొదటిది చూడమనే. 2019 నవంబర్ 7, జపాన్‌లోని సైతామా సూపర్ అరీనా. ఇనోవేకి 26, డొనైర్‌కి ఇంకో తొమ్మిది రోజుల్లో 37. పన్నెండు రౌండ్లూ జరిగింది. ముగ్గురు జడ్జీలూ ఇనోవే వైపే ఇచ్చారు: 116-111, 117-109, 114-113. ఆ మూడో కార్డు చూడండి. ఒకే ఒక్క పాయింట్ తేడా. రెండున్నరేళ్ల తర్వాత నాలుగున్నర నిమిషాల్లో ముగించినవాడు ఆ రాత్రి ఒక జడ్జి లెక్కలో అంత దగ్గరగా వచ్చి ఆగాడు.

నా మనసుకి పట్టింది రెండో రౌండ్. డొనైర్ ఎడమచేతి హుక్ తగిలి ఇనోవే కుడి కన్ను పైన చీరింది. బయటికి కనిపించింది ఆ రక్తమే. లోపల కన్ను చుట్టూ ఉండే ఎముకే విరిగింది, ముక్కు కూడా విరిగింది, ఆ సంగతులు తర్వాత తెలిశాయి. అక్కడినుంచి అతనికి ఎదురుగా ఇద్దరు డొనైర్‌లు కనిపించారు. ఇంకా పది రౌండ్లు ఉన్నాయి. ఏం చేశాడో జాగ్రత్తగా చూడండి. కుడి గ్లవ్ పైకెత్తి ఆ కన్నుకి అడ్డం పెట్టుకున్నాడు. ఒక కన్ను మూస్తే ఇద్దరు ఒక్కడవుతారు.

కానీ ఒంటి కన్నుతో దూరం తెలియదు. ఇది మాటల్లో చెబితే పిల్లలకి ఎక్కదు. మా వాడి కుడికన్నుకి చేతిరుమాలు కట్టి, దారానికి టెన్నిస్ బంతి వేలాడదీసి, ఎడమచేత్తో జాబ్, అంటే సూటి గుద్దు, వేయమన్నాను. మొదటి దెబ్బ నాలుగు వేళ్లు ఇవతలే ఆగిపోయింది. రెండోది బంతి పక్కనుంచి పోయింది. "బంతి దగ్గరే ఉందండి, చెయ్యే అందట్లేదు" అన్నాడు. ఆ బంతి కదలదు, తిరిగి కొట్టదు. ఇనోవే ఎదురుగా ఉన్నది నాలుగు బరువుల్లో ప్రపంచ టైటిళ్లు గెలిచిన మనిషి.

తొమ్మిదో రౌండ్‌లో డొనైర్ కుడిచేతి దెబ్బకి ఇనోవే కాళ్లు తడబడ్డాయి. తిరిగి కొట్టే రోషం చూపించలేదు, గబుక్కున డొనైర్‌ని పట్టుకుని ఆ క్షణం దాటించాడు. మా కుర్రాళ్లు పట్టుకోవడాన్ని పిరికితనం అనుకుంటారు. జిల్లా పోటీల్లో మా వాడు చివరి రౌండ్‌లో దెబ్బ తగలగానే మొహం ఎర్రబడి రెండు చేతులూ విసురుతూ మీదికి పోయాడు. నా లెక్కలో ఆ మూడో జడ్జి పోయింది అక్కడే.

పదకొండులో మలుపు తిరిగింది. ఇనోవే ఎడమచెయ్యి డొనైర్ కుడి డొక్కలో, పక్కటెముకల కింద, సరిగ్గా కాలేయం మీద దిగింది. తలమీద తగిలితే కళ్లు తిరుగుతాయి, రోషంతో ఎలాగో నిలబడొచ్చు. అక్కడ తగిలితే మనసు ఎంత గట్టిదైనా కాళ్లు మాట వినవు. నొప్పి కూడా ఒక్క క్షణం ఆగి వస్తుంది. డొనైర్ అందుకే వెంటనే పడలేదు. అటు తిరిగి నాలుగడుగులు వేసి మోకాళ్ల మీద కూర్చున్నాడు. పది అంకెలోపు లేచాడు. లేచి, పన్నెండో రౌండ్ కూడా ఆడాడు. ఓడినవాడిని కూడా ఇంతసేపు చూడాలనిపించే పోరు నాకు వేరే తెలియదు.

పోరు అయ్యాక ఇంకోటి జరిగింది. గెలిస్తే వచ్చే అలీ ట్రోఫీ ఇంటికి తెస్తానని డొనైర్ తన కొడుకులకి మాటిచ్చాడట. ఓడిపోయాక ఇనోవేని అడిగి ఆ ఒక్క రాత్రికి ట్రోఫీ తీసుకెళ్లి పిల్లలకి చూపించాడు.

రెండోసారి తలపడేవాడు చూడాల్సింది మొదటి పోరే అని అందుకే అంటాను. డొనైర్ ఎడమచెయ్యి ఎప్పుడు లేస్తుందో, ఎంత దూరం నుంచి వస్తుందో ఇనోవే ఆ పన్నెండు రౌండ్లలో ఒంటిమీద నేర్చుకున్నాడు. 2022లో కనిపించేది ఆ నేర్చుకున్నదాని ఫలితం. అది మాత్రమే చూసి నేర్చుకుందామంటే, ఇంకొకడు రాసిన పరీక్షలో మార్కులు చూసినట్టే.

ఇవి కాక బాంటమ్‌లో రెండోసారి పోరులు ఇంకా ఉన్నాయి, కానీ మా పిల్లలకి వీటితో పెద్ద పనిలేదు. హరాడా, జోఫ్రేలవి 1965, 66 నాటివి. జోఫ్రే జీవితం మొత్తంలో ఓడింది ఆ రెండే. ఒలివారెస్, కాస్టిల్లో మూడుసార్లు తలపడ్డారు, తీరికున్నవాళ్లు చూడొచ్చు. యమనకా, నేరీ రెండో పోరు చూడొద్దంటాను. నేరీ బరువు తగ్గకుండానే వచ్చాడు, టైటిల్ తూకం దగ్గరే పోయింది.

మా వాడితో ఒక ఒప్పందం చేసుకున్నాను. రోజుకు ఒక్క రౌండ్, మొదటి పోరులోది. చూశాక బంతి ముందు నిలబడి ఆ రౌండ్‌లో కనిపించింది ఒకటి చేసి చూపించాలి. పన్నెండు రోజులయ్యాక పదమూడో రోజు రెండో పోరు. నిన్న తొమ్మిదో రౌండ్ అయింది. ఇనోవే పట్టుకున్నచోట ఆపి, వెనక్కి తిప్పి, మూడుసార్లు చూశాడు. తర్వాత ఫోన్ పక్కన పెట్టి, అవతలివాణ్ణి ఎక్కడ పట్టుకోవాలో చూపించమని అడిగాడు.